ఓటుకు చెల్లించే మూల్యం: కమ్యూనిజం తర్వాతి యూరప్‌లో జాతి మైనారిటీలపై అపోహలు - వాస్తవాలు

తూర్పు యూరప్ ఎన్నికల ప్రస్తావన వచ్చినప్పుడల్లా మనవాళ్ల నుంచి నాకు దాదాపు ఒకే రకం ప్రశ్నలు ఎదురవుతాయి. బెర్లిన్ గోడ కూలిపోయింది కదా, ఇంకా సమస్య ఏముంది అని కొందరు అడుగుతారు. అక్కడ మైనారిటీలకు చట్టసభల్లో సీట్లు కూడా ఇచ్చారట కదా అని మరికొందరు. ఆ దేశాల ఎన్నికలను పరిశీలించడం, వాటిపై పరిశోధన చేయడం చాలా ఏళ్లుగా నా వృత్తి. ఏ దేశం వెళ్లినా నేను మొదట వెతికేది ఒక్కటే: ఇక్కడ మైనారిటీ మనిషి ఓటు వేయాలన్నా, పోటీ చేయాలన్నా దానికి బదులుగా ఏమి వదులుకోవాలి? రాజ్యాంగంలో ఏమి రాసుకున్నారన్నది ఆ తర్వాత చూస్తాను.

అపోహ: కమ్యూనిజం పోయిన రోజునే అందరికీ ఓటు వచ్చేసింది.

వాస్తవం: ఎస్తోనియా, లాత్వియాలలో లక్షల మందికి రాలేదు. 1940లో సోవియట్ ఆక్రమణకు ముందు పౌరులుగా ఉన్నవారికి, వారి సంతతికి మాత్రమే ఈ రెండు దేశాలు నేరుగా పౌరసత్వం ఇచ్చాయి. సోవియట్ కాలంలో వచ్చి స్థిరపడిన రష్యన్లు, ఉక్రేనియన్లు, బెలారూసియన్లు, వారికి అక్కడే పుట్టిన పిల్లలు ఒక్కసారిగా ఏ దేశానికీ చెందనివారయ్యారు. 1992లో ఎస్తోనియా జనాభాలో వీరి వాటా మూడో వంతుకు దగ్గరగా ఉంది. లాత్వియాలో 1995 నాటికి 7 లక్షలకు పైగా ఉన్నారు. 1992 సెప్టెంబరులో ఎస్తోనియా పార్లమెంటుకు ఎన్నికలు జరిగితే, గెలిచిన 101 మందీ ఎస్తోనియన్ జాతివారే.

ఇలా చేయడం వెనక ఉన్న భయాన్ని కొట్టిపారేయలేం. 1989 జనాభా లెక్కల్లో లాత్వియన్లు తమ సొంత దేశంలో 52 శాతానికి తగ్గిపోయారు. ఇంకొన్నేళ్లు ఆగితే సొంత గడ్డమీదే మైనారిటీ అయ్యేవారు. సైబీరియాకు తరలించిన బంధువుల కథలు లేని ఇల్లు అక్కడ అరుదు. అయితే శిక్ష పడింది ఆ తరలింపులు చేయించినవారికి కాదు, మిల్లులో నూలు వడికిన మనిషికి.

ఎస్తోనియాలో, రష్యా సరిహద్దులోని నార్వా పట్టణంలో అలాంటి ఒక పెద్దావిడ తన బూడిదరంగు పాస్‌పోర్టును నా ముందు బల్లమీద పెట్టింది. పుట్టిన ఊరు అన్నచోట నార్వా అనే ఉంది. అట్టమీద మాత్రం ‘విదేశీయుల పాస్‌పోర్టు’ అని అచ్చు వేశారు. ఎస్తోనియన్ భాషలో పద్నాలుగు విభక్తులు. పనిలోనూ వీధిలోనూ రష్యన్ తప్ప మరో మాట వినపడని ఊళ్లో అరవై దాటిన మనిషి, పౌరసత్వం కావాలంటే, ఆ భాషలో పరీక్ష రాసి నెగ్గాలి. ఆమె రెండుసార్లు రాసి వదిలేసింది.

పొరుగునే ఉన్న లిథువేనియా 1989 నవంబరులోనే అక్కడ స్థిరంగా నివసిస్తున్న అందరికీ, భాష పరీక్ష లేకుండా, పౌరసత్వం తీసుకునే అవకాశం ఇచ్చింది. అక్కడ లిథువేనియన్లు దాదాపు 80 శాతం కాబట్టి ఆ ధైర్యం చేయగలిగారు. ఎస్తోనియా తన పౌరులు కానివారికి స్థానిక ఎన్నికల్లో ఓటు ఇచ్చింది, లాత్వియా అదీ ఇవ్వలేదు. ఉక్రెయిన్ యుద్ధం తర్వాత ఎస్తోనియా కూడా వెనక్కి తగ్గింది. 2025 మార్చిలో రాజ్యాంగాన్ని సవరించి రష్యా, బెలారూస్ పౌరుల స్థానిక ఓటును రద్దు చేసింది. ఏ దేశ పౌరసత్వమూ లేనివారికి అదే ఏడాది అక్టోబరు ఎన్నికలే చివరివి.

అపోహ: మైనారిటీ పేరున పార్టీ పెడితే అది వేర్పాటుకు తొలి మెట్టు.

వాస్తవం: ఈ భయం బల్గేరియాలో ఒక పార్టీని దాదాపు బలి తీసుకుంది. 1984-85 చలికాలంలో అక్కడి ప్రభుత్వం టర్కీ జాతి పౌరుల పేర్లను బలవంతంగా బల్గేరియన్ పేర్లుగా మార్చింది. 1989 వేసవిలో మూడు లక్షల మందికి పైగా ఇళ్లు విడిచి టర్కీకి వెళ్లిపోయారు. పాలన మారగానే, 1990 జనవరిలో, అహ్మెద్ దోగన్ నాయకత్వంలో హక్కులు, స్వేచ్ఛల ఉద్యమం పేరిట పార్టీ పుట్టింది. మరుసటి ఏడాది వచ్చిన రాజ్యాంగం జాతి, మతం ప్రాతిపదికన పార్టీలు పెట్టరాదని నిషేధించింది. కేసు రాజ్యాంగ న్యాయస్థానానికి చేరింది. 1992 ఏప్రిల్‌లో పన్నెండుమంది న్యాయమూర్తుల్లో ఆరుగురు పార్టీ చెల్లదన్నారు, అయిదుగురు చెల్లుతుందన్నారు, ఒకరు హాజరు కాలేదు. నిషేధానికి ఏడు ఓట్లు కావాలి. ఒక్క ఓటు తక్కువై పార్టీ బతికింది.

బతికి ఏమి చేసింది? ప్రభుత్వాలకు మద్దతిచ్చింది, 2001లో సంకీర్ణంలో చేరింది, మంత్రి పదవులు తీసుకుంది. దాని మీద అవినీతి ఆరోపణలు చాలా వచ్చాయి, 2024లో చీలిపోయింది కూడా. ఆ చరిత్ర అంతా మెచ్చుకోదగినదని నేను చెప్పను. కానీ పక్కనున్న యుగోస్లావియా రక్తపాతంలో మునిగిన ఆ దశకంలో బల్గేరియాలో అలా జరగకపోవడానికి, కోపం వీధిలోకి కాకుండా పార్లమెంటులోకి వెళ్లే దారి ఒకటి ఉండటం కూడా కారణమే. రొమేనియాలో హంగేరియన్ల పార్టీ 1996లో, స్లొవాకియాలో హంగేరియన్ల పార్టీ 1998లో ప్రభుత్వంలో చేరాయి. ఏ ప్రాంతమూ విడిపోలేదు.

బల్గేరియాలో మూల్యం మరో రూపంలో మిగిలింది. అక్కడ ఎన్నికల ప్రచారం బల్గేరియన్ భాషలోనే చేయాలి. 2013 ప్రచారంలో టర్కిష్‌లో మాట్లాడినందుకు ఆ పార్టీ నాయకుడు ల్యుత్వి మెస్తాన్‌కు జరిమానా పడింది. అది భావప్రకటన స్వేచ్ఛకు భంగమని స్ట్రాస్‌బర్గ్‌లోని యూరోపియన్ మానవ హక్కుల న్యాయస్థానం 2023లో తీర్పు చెప్పింది. ఊళ్లో అమ్మతో మాట్లాడే భాషలో ఓటు అడగడం నేరమైతే ఆ ఊరి పెద్దవాళ్లకు అభ్యర్థి చెప్పేది ఎంత చేరుతుందో ఆలోచించండి.

అపోహ: సీట్లు కేటాయిస్తే చాలు, ప్రాతినిధ్యం వచ్చినట్టే.

వాస్తవం: మన దగ్గర ఎస్సీ రిజర్వుడు నియోజకవర్గం అంటే అభ్యర్థి మాత్రమే ఆ వర్గం నుంచి ఉండాలి, ఓటు అందరూ వేస్తారు. 1932 పూనా ఒడంబడిక తేల్చింది ఆ విషయమే. అంబేడ్కర్ కోరింది, గాంధీ నిరాహారదీక్షతో అడ్డుకున్నది ప్రత్యేక నియోజకవర్గాలను, అంటే ఆ వర్గం ఓటర్లే విడిగా ఎన్నుకోవడాన్ని. క్రొయేషియా ఈ రెండో దారి పట్టింది. 151 స్థానాల పార్లమెంటులో 8 మైనారిటీలవి, అందులో 3 సెర్బులవి. ఆ స్థానాలకు ఆ మైనారిటీ ఓటర్లు మాత్రమే ఓటు వేస్తారు. చూడటానికి అంబేడ్కర్ కోరినదే. కానీ ఆయనకు దక్కిన కమ్యూనల్ అవార్డులో సాధారణ నియోజకవర్గంలో కూడా రెండో ఓటు ఉండేది. క్రొయేషియాలో అది లేదు.

డాన్యూబ్ ఒడ్డున, తూర్పు క్రొయేషియాలో ఒక చిన్న ఊరి పోలింగ్ కేంద్రంలో, గుర్తింపు కార్డు మెడలో వేసుకుని గోడ పక్కన కూర్చుని చూశాను. ఓటర్ల జాబితాలో పేరు పక్కన జాతి రాసి ఉంటుంది. సెర్బు అని ఉన్న ఓటరు వస్తే, సాధారణ బ్యాలటా మైనారిటీ బ్యాలటా అని బల్ల దగ్గర సభ్యుడు అడగాలి. క్రొయేట్లకూ సెర్బులకూ మధ్య జరిగిన యుద్ధంలో చెరోవైపు అయినవాళ్లను పోగొట్టుకున్న ఇళ్లవాళ్లు ఆ వరుసలో వెనకా ముందూ నిలబడి ఉన్నారు. తలకు రుమాలు కట్టుకున్న ఒక ముసలామె ఆ ప్రశ్నకు వెంటనే జవాబు చెప్పలేదు. వెనక్కి తిరిగి వరుసను చూసింది. ఆ తర్వాత వేలితో సాధారణ బ్యాలట్‌ను చూపించింది, నోరు తెరవలేదు. రహస్య బ్యాలట్ అంటాం, కానీ ఆమె రహస్యంలో సగం తెర వెనక్కి వెళ్లకముందే బయటపడిపోయింది. మైనారిటీ బ్యాలట్ తీసుకున్నవారికి తమ జిల్లాలో ఏ పార్టీ గెలవాలో చెప్పే ఓటు ఉండదు. రోడ్డు, ఆసుపత్రి, పింఛను ముఖ్యమనుకునే మనిషి ఏది ఎంచుకుంటాడు?

స్లొవేనియా ఈ చిక్కును సులువుగా తీర్చింది. ఇటాలియన్, హంగేరియన్ సముదాయాలకు చెరొక సీటు ఇచ్చి, ఆ ఓటర్లకు రెండు ఓట్లు ఇచ్చింది: ఒకటి తమ ప్రతినిధికి, ఒకటి అందరిలాగే సాధారణ అభ్యర్థికి. నాకు తెలిసిన ఏర్పాట్లన్నిటిలో మనిషిని తక్కువ ఇబ్బంది పెట్టేది ఇదే. అయితే 1992 ఫిబ్రవరిలో నివాసుల జాబితా నుంచి 25 వేల మందికి పైగా, ఎక్కువగా ఇతర యుగోస్లావ్ రిపబ్లిక్కుల నుంచి వచ్చినవారిని, చెప్పకుండా చెరిపేసింది కూడా ఈ దేశమే.

హంగేరీలో 2014 నుంచి మైనారిటీ జాబితాకు ఓటు వేయడానికి నమోదైనవారు పార్టీ జాబితా ఓటును, అంటే నేరుగా పార్టీకి వేసే ఓటును, వదులుకోవాలి. 2018లో జర్మన్ సముదాయం ఒక సభ్యుణ్ని పంపగలిగింది. ఆ దేశంలో అతిపెద్ద మైనారిటీ అయిన రోమాలకు (జిప్సీలని పిలిచేది వీరినే) 2014, 2018, 2022 ఎన్నికల్లో ఈ దారిలో ఒక్క సీటూ రాలేదు. సీటు రాని జాబితాకు ‘ప్రతినిధి వక్త’ హోదా ఇస్తారు. ఆయన సభలో మాట్లాడవచ్చు, ఓటు వేయలేరు.

అపోహ: రోమాలకు రాజకీయాలు పట్టవు, ఓట్లు అమ్ముకుంటారు.

వాస్తవం: ఈ మాట బుకారెస్ట్‌లో ప్రొఫెసర్ల నోటా, బస్సు డ్రైవర్ల నోటా విన్నాను. నన్ను అన్నిటికంటే ఎక్కువ బాధపెట్టేది ఇదే. రోమాల పూర్వికులు వెయ్యేళ్ల క్రితం భారత ఉపఖండం నుంచి వెళ్లినవారు. తూర్పు స్లొవాకియాలో బురదవీధుల బస్తీ ఒకదానిలో ఒక పెద్దాయన తమ దగ్గరకు వచ్చిన పార్టీలను వేళ్ల మీద లెక్కపెట్టాడు: యేఖ్, దుయ్, త్రిన్, శ్తార్, పాంజ్. హిందీ వచ్చిన నాకు ఆ అంకెలు పరాయివిగా అనిపించలేదు. అయిదు పార్టీలూ ఎన్నికల నెలలోనే వచ్చాయనీ, మంచినీటి కుళాయి మాత్రం రాలేదనీ చెప్పాడు.

1990లో తొలి స్వేచ్ఛా ఎన్నికల్లో రోమాలు సొంత పార్టీ పెట్టుకుని చెకొస్లొవాకియా చట్టసభల్లో అడుగుపెట్టారు. దేశం విడిపోయాక చెక్ రిపబ్లిక్ తెచ్చిన పౌరసత్వ చట్టం అయిదేళ్లపాటు నేరచరిత్ర ఉండకూడదనే షరతు పెట్టింది. స్లొవాక్ మూలాలున్న రోమాలు పుట్టి పెరిగిన ఊళ్లోనే పరాయివారయ్యారు. స్వతంత్ర స్లొవాకియా పార్లమెంటులో తొలి రోమా సభ్యుడు పీటర్ పోలాక్ గెలిచేసరికి 2012 వచ్చింది. తలుపు మూసేసి, లోపలికి రావాలని వీళ్లకే లేదనడం న్యాయం కాదు.

ఓట్ల కొనుగోలు లేదని కాదు. కానీ ఊరి మేయరు చేతిలో ఉపాధి పనుల జాబితా, వడ్డీవ్యాపారి చేతిలో అప్పు పుస్తకం ఉన్నచోట ఓటు ‘అమ్మారు’ అనే మాట సరిపోదు, లాక్కున్నారనాలి. కొనేవాడిని వదిలేసి ఇచ్చినవాడిని తిట్టే అలవాటు మన ఊళ్లలోనూ చూస్తున్నాం.

ఇంకో సంగతి. హంగేరీలో 1993 చట్టం మైనారిటీ స్వపరిపాలన మండళ్లు పెట్టింది. వాటికి చాలా ఏళ్లు ఎవరైనా పోటీ చేయవచ్చు, ఎవరైనా ఓటు వేయవచ్చు. యాస్‌లాదానీ అనే ఊళ్లో 2002లో రోమా మండలికి రోమా కాని మేయరు భార్యే ఎన్నికయింది. 2005లో చట్టం మార్చి ఓటర్ల నమోదు తెచ్చారు. దాంతో మళ్లీ జాతి పేరున జాబితా, మళ్లీ పాత భయం. నాజీల మారణకాండ సాగిన 1944లో అలాంటి జాబితాలు ఎక్కడికి దారితీశాయో రోమాలు మరిచిపోలేదు.

అపోహ: స్ట్రాస్‌బర్గ్ న్యాయస్థానం తీర్పు ఇస్తే సమస్య తీరుతుంది.

వాస్తవం: బోస్నియాను చూడండి. 1995 డేటన్ ఒప్పందం యుద్ధాన్ని ఆపింది, దానికి చేతులెత్తి మొక్కాలి. ఆ ఒప్పందంలోనే ఉన్న రాజ్యాంగం ముగ్గురు సభ్యుల అధ్యక్ష మండలి పెట్టింది: ఒక బోస్నియాక్ (బోస్నియా ముస్లిం), ఒక క్రొయేట్, ఒక సెర్బు. మిగిలిన అందరికీ అందులో పెట్టిన పేరు ‘ఇతరులు’. ఇతరులు ఆ పదవికి పోటీ చేయలేరు. రోమా అయిన దెర్వో సెయ్‌దిచ్, యూదు అయిన యాకొబ్ ఫిన్సీ స్ట్రాస్‌బర్గ్‌కు వెళ్లి 2009 డిసెంబరు 22న గెలిచారు. ఏ జాతినీ చెప్పుకోను, నేను బోస్నియా పౌరురాలిని అన్న అజ్రా జోర్నిచ్ 2014లో గెలిచారు. బోస్నియాక్ అయినా, సెర్బు సభ్యుణ్ని మాత్రమే ఎన్నుకునే సెర్బు రిపబ్లిక్ భాగంలో ఉన్న స్రెబ్రెనిత్సాలో నివసిస్తున్నందువల్ల పోటీ చేయలేకపోయిన వైద్యుడు ఇలియాజ్ పిలావ్ 2016లో గెలిచారు.

తీర్పు అమలు కావాలంటే రాజ్యాంగం మార్చాలి. మార్చాల్సిన ఓట్లు ఆ మూడు వర్గాల పార్టీల చేతిలోనే ఉన్నాయి. 2010, 2014, 2018, 2022, నాలుగుసార్లు అధ్యక్ష మండలికి ఎన్నికలు జరిగాయి. నాలుగుసార్లూ నామినేషన్ వేసేవారు తాము ఈ మూడింటిలో ఏదో ఒక వర్గం వారమని ప్రకటించాల్సి వచ్చింది. సెయ్‌దిచ్ అలా ప్రకటించుకుంటే చట్టప్రకారం అడ్డేమీ లేదు. రోమా అనే మాటను వదులుకుంటే చాలు.