బాలారిష్టాల మూడేళ్లు: పీఎఫ్‌లో ఎప్పుడో పోయిన మినహాయింపు

కొత్తగా హోటలో, నర్సింగ్ హోమో, చిన్న ఫ్యాక్టరీయో తెరిచినవాళ్ల దగ్గర ఇప్పటికీ ఒక మాట వినిపిస్తుంది: "కొత్త సంస్థ కదండీ, మొదటి మూడేళ్లు పీఎఫ్ అక్కర్లేదు." ఈ మాట ఎవరో పుట్టించింది కాదు. వాళ్ల నాన్నగారి హయాంలో అది అక్షరాలా చట్టమే. 1997 సెప్టెంబరు 22తో దానికి కాలం చెల్లింది. చట్టం పోయినా మాట మాత్రం మిగిలింది.

పీఎఫ్ మొదట 1951 నవంబరులో ఆర్డినెన్సుగా వచ్చి, 1952లో చట్టమైంది. అప్పట్లో అది ఆరు పరిశ్రమలకే: సిమెంటు, సిగరెట్లు, ఇంజినీరింగ్ వస్తువులు, ఇనుము-ఉక్కు, కాగితం, బట్టల మిల్లులు. అదీ 50 మంది పనిచేసే ఫ్యాక్టరీ అయితేనే. ఆ చట్టంలోని 16వ సెక్షన్, పెట్టి మూడేళ్లు నిండని ఫ్యాక్టరీలను పక్కన పెట్టింది. స్వాతంత్ర్యం వచ్చి నాలుగైదేళ్లే అయింది, ఫ్యాక్టరీ పెట్టేవాడు దొరకడమే గొప్ప. అప్పు తెచ్చి యంత్రాలు దించుకున్నవాణ్ని బాలారిష్టాలు దాటేదాకా కదపొద్దన్నది ఆనాటి ఆలోచన. ఆ రోజులకు అది సబబే అనిపిస్తుంది.

1960 డిసెంబరు 31 నుంచి 50 మంది పరిమితిని 20కి దించారు. చిన్న సంస్థలు చట్టం కిందికి వచ్చాయి కాబట్టి వాటికి ఇంకాస్త వెసులుబాటు ఇచ్చారు: 50 లోపు ఉంటే ఐదేళ్లు, ఆపైన ఉంటే మూడేళ్లు. 1988లో ఈ తేడా తీసేసి అందరికీ మూడేళ్లే చేశారు. చోటు మార్చినంత మాత్రాన సంస్థ కొత్తది అయిపోదని కూడా చట్టంలో రాశారు.

ఆ వాక్యం ఎందుకు రాయాల్సి వచ్చిందో ఊహించడం కష్టం కాదు. మూడో ఏడు నిండేసరికి గుమ్మం మీద బోర్డు మారేది. అన్నగారి పేరున ఉన్న సంస్థ మూతపడి బావమరిది పేరున కొత్తది పుట్టేది. అవే మిషన్లు, అదే షెడ్డు, హాజరు పట్టీలో అవే పేర్లు. కార్మికుడి సర్వీసు మాత్రం మళ్లీ ఒకటో రోజు నుంచి. సాయాజీ మిల్స్ కేసు ఇలాంటి వాదాల్లో పేరుపడ్డది. మూతపడి లిక్విడేషన్‌లోకి (అప్పుల కోసం ఆస్తులు అమ్మేసే దశలోకి) వెళ్లిన మిల్లును కొనుక్కుని, బాగుచేసి నడుపుతున్నాం, మాది కొత్త ఫ్యాక్టరీయే అన్నది యాజమాన్యం వాదన. సుప్రీంకోర్టు ఒప్పుకోలేదు. యజమాని మారితే ఫ్యాక్టరీ వయసు మొదటికి రాదు, అది మొదట పెట్టిన నాటి నుంచే లెక్క అంది.

ఒక్కో కేసులో ఇలా తేల్చుకుంటూ పోయే బదులు, 1997లో మినహాయింపునే ఎత్తేశారు. అదే రోజు నుంచి, జీతం మీద కార్మికుడూ యజమానీ చెరొకరు కట్టే చందా రేటు కూడా చాలా పరిశ్రమల్లో 10 నుంచి 12 శాతానికి పెరిగింది. దాంతో యజమానులకు రెండు దెబ్బలూ ఒకేసారి తగిలాయి.

ఇప్పుడు ఆ పాత మాట నమ్మినవాడి సంగతి లెక్కేసి చూద్దాం. ఇరవై మంది పనివాళ్లు, ఒక్కొక్కరికి బేసిక్, డీఏ కలిపి 12,000 రూపాయలు. కార్మికుడి వాటా 1,440, యజమాని వాటా 1,440. యజమాని వాటాలో వెయ్యి రూపాయలు పెన్షన్‌కు పోతాయి. ఇవి కాక బీమాకు 60, నిర్వహణ ఖర్చుకు 60. మొత్తం మనిషికి 3,000, ఇరవై మందికి నెలకు 60,000. మూడేళ్లు ఊరుకుంటే 21,60,000. దాని మీద 12 శాతం వడ్డీ, ఆపైన డ్యామేజెస్ పేరిట జరిమానా. ఇందులో అసలు మెలిక కార్మికుడి వాటా. జీతం ఇచ్చిన రోజు పట్టుకోని వాటాను తర్వాత అతని దగ్గర వసూలు చేయడానికి పీఎఫ్ స్కీమ్ నిబంధనలు ఒప్పుకోవు. అంటే రెండు వాటాలూ యజమాని జేబులోంచే కట్టాలి. నోటీసు వచ్చాక "అది వాళ్ల డబ్బు కదా సార్" అంటే వినేవాళ్లుండరు.

ఇక ఇరవై మంది లెక్కలోనూ చాలామంది పొరబడతారు. కాంట్రాక్టర్ పంపిన సెక్యూరిటీ గార్డు, స్వీపర్ కూడా లెక్కలోకి వస్తారు. 15,000 దాటిన జీతంతో చేరి పీఎఫ్ వద్దన్న మేనేజరూ తలల లెక్కలో ఉంటాడు. బ్రాంచీలన్నీ కలిపి ఒకే సంస్థ. విజయవాడలో 12 మందితో నడుస్తున్న షాపు గుంటూరులో 9 మందితో ఇంకోటి తెరిస్తే, అది కొత్త షాపు కాదు, మొత్తం 21 మంది ఉన్న సంస్థ. ఒకసారి చట్టం కిందికి వచ్చాక మనుషులు తగ్గినా బయటపడరు. ఊరట ఒకటుంది, అదీ మన గుంటూరు పీఎఫ్ ఇన్‌స్పెక్టర్ వేసిన కేసులోనే వచ్చింది. ఏదో అత్యవసరానికి నాలుగు రోజులు పెట్టుకున్నవాళ్లను లెక్కలో కలపకూడదని 1971లో సుప్రీంకోర్టు చెప్పింది.

2016లో కేంద్రం స్టార్టప్ ఇండియా పథకం వచ్చాక పాత మాటకు మళ్లీ ప్రాణం లేచింది. చట్టాలు పాటిస్తున్నామని స్టార్టప్‌లు తామే ధ్రువీకరించుకుంటే మూడేళ్లు తనిఖీ ఉండదన్నారు. తనిఖీ ఉండదనడం వేరు, కట్టక్కర్లేదనడం వేరు. మూడేళ్లన్న అంకె చెవిన పడేసరికి చాలామందికి రెండూ కలిసిపోయాయి. 2020 ఫిబ్రవరి నుంచి కొత్త కంపెనీ రిజిస్టర్ అయ్యేటప్పుడే పీఎఫ్ కోడ్ (పీఎఫ్‌లో సంస్థ నంబరు) కూడా వచ్చేస్తోంది. ఇరవై మంది చేరేదాకా కట్టాల్సింది లేదు గానీ, కోడ్ మాత్రం మొదటి రోజు నుంచే చేతిలో ఉంటుంది.

తమాషా ఏమిటంటే, రాయితీ పూర్తిగా పోలేదు, తలకిందులైంది. 2016లో వచ్చిన ప్రధానమంత్రి రోజ్‌గార్ ప్రోత్సాహన్ యోజనలో కొత్తగా చేరిన ఉద్యోగికి యజమాని కట్టాల్సిన వాటాలో 8.33 శాతాన్ని, 2018 నుంచి మొత్తం 12 శాతాన్నీ కేంద్రమే భరించింది, అదీ మూడేళ్లపాటు. 2025 ఆగస్టులో మొదలైన వికసిత్ భారత్ రోజ్‌గార్ యోజనలో అదనంగా తీసుకున్న మనిషికి నెలకు 3,000 రూపాయల వరకు యజమానికి ఇస్తున్నారు. ఒకప్పుడు కొత్త సంస్థకు పీఎఫ్ కట్టకపోవడమే రాయితీ. ఇప్పుడు పీఎఫ్ రిటర్న్ (చందాల లెక్క) వేసినవాడికే ఆ డబ్బు అందుతుంది.