లైవ్ టీవీ తొలి రోజులు, డాగ్మార్: అపోహలు – వాస్తవాలు

నేను లైవ్ షోలకు ఫ్లోర్ మేనేజర్‌ని. కొత్తగా చేరిన పిల్లలకు పని గురించి చెప్పేటప్పుడు పెద్ద స్టార్ల పేర్లు ఎత్తను, 1950ల నాటి అమెరికన్ టీవీ నటి డాగ్మార్ గురించి చెబుతాను. అసలు పేరు వర్జీనియా రూత్ ఎగ్నర్, ఊరు అమెరికాలోని వెస్ట్ వర్జీనియా.

అపోహ: అర్ధరాత్రి కామెడీ షోలు ‘టునైట్’తోనే మొదలయ్యాయి.

అమెరికా టీవీ నెట్‌వర్క్ ఎన్‌బీసీలో ‘టునైట్’ షో మొదలైంది 1954లో. అదే ఎన్‌బీసీ 1950 మే 29నే ‘బ్రాడ్‌వే ఓపెన్ హౌస్’ మొదలుపెట్టింది. హోస్ట్‌గా ఖాయమైన డాన్ హార్న్స్‌బీ వారం ముందే పోలియోతో చనిపోయాడు. అయినా షో ఆగలేదు. లైవ్ పని అప్పుడైనా ఇప్పుడైనా అంతే. తర్వాత జెర్రీ లెస్టర్, మోరీ ఆమ్‌స్టర్‌డామ్ రాత్రులు పంచుకుని నడిపించారు.

అపోహ: డాగ్మార్ చేసిందేమీ లేదు, అందంగా కూర్చుంది, అదృష్టం కలిసొచ్చింది.

నాకు ఒళ్లు మండేది ఈ మాటకే. ‘బ్రాడ్‌వే ఓపెన్ హౌస్’లో ఆమెను పెట్టుకున్నది బ్యాండ్ పక్కన స్టూల్ మీద, పాట పాడని గాయనిగా కూర్చోవడానికే, నిజమే. డాగ్మార్ అని పేరు పెట్టింది కూడా లెస్టరే. కానీ అప్పటికే ఆమె న్యూయార్క్ నాటకరంగం బ్రాడ్‌వేలో ఓల్సెన్-జాన్సన్, బర్ట్ లార్ లాంటి ఆరితేరిన కమెడియన్ల పక్కన నటించి వచ్చింది. టీవీలో ఆమెకిచ్చిన పని, అర్థంపర్థం లేని కవితలను మొహంలో ఏ భావమూ లేకుండా చదవడం. వినడానికి తేలిగ్గానే ఉంటుంది. ఎదురుగా ఆడియన్స్ పగలబడి నవ్వుతుంటే, పక్కన హోస్ట్ స్క్రిప్ట్‌లో లేనిదేదో అంటుంటే, పెదవి కూడా కదలకుండా ఆ నవ్వు తగ్గేదాకా ఆగి, తర్వాతి లైన్ అందుకోవాలి. అర సెకను ముందు మొదలెడితే లైన్ నవ్వులో కొట్టుకుపోతుంది. ఆలస్యమైతే పంచ్ చస్తుంది. రీటేక్ ఉండదు. మా ఫ్లోర్ మీద మాట్లాడేవాళ్లు బోలెడుమంది దొరుకుతారు, ఆగడం తెలిసినవాళ్లే దొరకరు.

వారానికి 75 డాలర్లతో చేరిన మనిషి జీతం 1,250కి చేరింది. 1951 జులైలో ‘లైఫ్’ పత్రిక ముఖచిత్రమైంది. తనకంటే ఆమెకే పేరు రావడం లెస్టర్‌కు మింగుడుపడలేదంటారు. ఆయన ఆ ఏడాది మేలోనే తప్పుకున్నాడు, ఆగస్టులో షో ఆగిపోయింది. 1952లో ఆమె పేరుతోనే ‘డాగ్మార్స్ క్యాంటీన్’ వచ్చింది కానీ ఎక్కువకాలం నడవలేదు.

అపోహ: అప్పట్లో టీవీలో అన్నీ లైవే.

కాదు. 1951లో మొదలైన కామెడీ సీరియల్ ‘ఐ లవ్ లూసీ’ని ఫిల్మ్ మీద తీశారు.

అపోహ: లైవ్‌లో వెళ్లిపోయింది కాబట్టి ఆ షోలేవీ మిగల్లేదు.

చాలావరకు పోయాయి. ప్రసారానికి పనికొచ్చే వీడియో టేప్ 1956లో గానీ రాలేదు. అంతకుముందు మానిటర్ ఎదురుగా ఫిల్మ్ కెమెరా పెట్టి తెర మీది బొమ్మనే షూట్ చేసేవాళ్లు, దాన్ని కినెస్కోప్ అనేవాళ్లు. బొమ్మ మసకగా, అంచులు సాగినట్టుగా ఉంటుంది. ‘బ్రాడ్‌వే ఓపెన్ హౌస్’ ఎపిసోడ్లు కొన్ని అలాగే బతికాయి. ఎక్కడైనా దొరికితే లెస్టర్‌ను వదిలేసి, ఆయన మాట్లాడుతున్నంతసేపూ డాగ్మార్ మొహం చూడండి.