వానలో వింటర్ బూట్లు: అపోహలు – వాస్తవాలు

అపోహ: మంచుకు ఆగిన బూట్లు వానకూ ఆగుతాయి.
సున్నాకు 10 డిగ్రీలు దిగువన పడే మంచు పొడిపిండిలా ఉంటుంది, దులిపితే రాలిపోతుంది. సున్నా దగ్గర అదే మంచు సగం నీళ్ళై కుట్లలోకి దిగుతుంది. వాన సంగతి చెప్పక్కర్లేదు. చాలా వింటర్ బూట్లకు కింద రబ్బరు, పైన తోలు. ఆ రెండూ కలిసే కుట్టునూ, నాలుక (లేసుల కింద ఉండే పట్టీ) పక్కలనూ ముందు చూడండి. నాలుకను రెండు వైపులా ఎంత ఎత్తు వరకు కలిపి కుట్టారో నీళ్ళు ఆగేది అంతవరకే.

అపోహ: లోపల తడి ఉందంటే బూటు కారుతోంది.
చాలాసార్లు అది చెమట. గడ్డకట్టే చలికి కుట్టిన బూటును 5 డిగ్రీల వానలో వేసుకుంటే పాదం ఉడికిపోతుంది. పైన తోలు నీళ్ళు పీల్చుకుని నల్లబడితే, లోపల వాటర్‌ప్రూఫ్ పొర ఉన్నా చెమట ఆవిరి బయటికి పోదు. నీటి బొట్లు జారిపోకుండా ఇంకిపోతున్నాయంటే నీళ్ళు అంటకుండా చేసే స్ప్రే మళ్ళీ కొట్టాల్సిందే.

రెండు బూట్లలోనూ వేళ్ళ కింద ఒకేలా చెమ్మగా ఉంటే చెమటే అనుకోవచ్చు. ఒకదాంట్లోనే, ఒక మూలే తడిస్తే అనుమానించండి. పొడి టిష్యూ కాగితం కూరి, బరువుకు నీళ్ళ సీసా పెట్టి, 5 సెంటీమీటర్ల నీళ్ళలో 10 నిమిషాలు నిలబెట్టండి. కాగితం తడిసిన చోటుకు అటూ ఇటూనే కన్నం ఉంటుంది.

అపోహ: రెండు జతల సాక్స్ వేస్తే వెచ్చగా ఉంటుంది.
బూటు బిగిసి రక్తం సరిగా ఆడదు, కాళ్ళు ఇంకా చల్లబడతాయి. ఒక్క జత ఉన్ని సాక్స్ చాలు, బ్యాగులో మరో పొడి జత ఉంచుకోండి. కాటన్ మాత్రం వద్దు, తడిస్తే ఆరదు.

అపోహ: హీటర్ పక్కన పెడితే తొందరగా ఆరతాయి.
బూట్లను ఎక్కువగా పాడుచేసేది ఇదే. తోలు బిరుసెక్కి మడత దగ్గర పగులుతుంది, జిగురు మెత్తబడి ముందువైపు సోల్ నోరు తెరుస్తుంది. లేసులు వదులు చేసి నాలుకను బయటికి లాగండి. ఇన్‌సోల్, లైనర్ (లోపలి మెత్తటి తొడుగు) తీసి విడిగా ఆరబెట్టండి. లోపల న్యూస్‌పేపర్ ఉండలు కూరి, గంటకే మార్చండి. మొదటి ఉండలే ఎక్కువ నీళ్ళు లాగుతాయి. ఆపైన ఫ్యాన్ గాలి చాలు. మందపాటి ఫెల్ట్ లైనర్‌కు ఒక్క రాత్రి సరిపోకపోవచ్చు, అందుకే రెండో జత లైనర్లు కొనడం దండగ కాదు.

అపోహ: గడ్డకట్టే చలి లేకపోతే తడి కాళ్ళకు ముప్పు లేదు.
గంటల తరబడి నానితే 16 డిగ్రీల దగ్గర కూడా పాదం దెబ్బతింటుంది. పాలిపోవడం, సూదులు గుచ్చినట్టుండటం, మొద్దుబారడం గుర్తులు. సాక్స్ తీసి, పాదాలను రుద్దకుండా అద్ది ఆరబెట్టండి. మొద్దుతనం తగ్గకపోయినా, బొబ్బలు లేచినా డాక్టరుకు చూపించండి.