డీఏపీ, మొరాకో రాయి, మన రామగుండం: అపోహలు - వాస్తవాలు

వానాకాలం వచ్చిందంటే నర్సంపేటలోని మా ఎరువుల దుకాణంలో బస్తాల కన్నా మాటలే ఎక్కువ ఖర్చవుతాయి. "సేటూ, డీఏపీ వచ్చిందా?" అని ఒకరు అడిగితే, భాస్వరం ఎక్కువగా ఉండే ఆ ఎరువు (డై అమ్మోనియం ఫాస్ఫేట్) ఎందుకు రాలేదో వరుసలో ఉన్నవాళ్లే తలా ఒక కారణం చెబుతారు. ఆ కారణాల్లో ఏది ఎంతవరకు నిజమో చూద్దాం.

అపోహ: రామగుండంలో అంత పెద్ద ఫ్యాక్టరీ పెట్టుకుని డీఏపీకి కరువేంది?

వాస్తవం: రామగుండం ఫెర్టిలైజర్స్ అండ్ కెమికల్స్ (ఆర్‌ఎఫ్‌సీఎల్)లో తయారయ్యేది వేపపూత యూరియా, డీఏపీ కాదు. బొగ్గుతో నడిచిన పాత ఎఫ్‌సీఐ (ఫెర్టిలైజర్ కార్పొరేషన్) ఫ్యాక్టరీ 1999లో మూతపడింది. అక్కడే గ్యాస్‌తో నడిచే కొత్త ప్లాంటు 2021లో ఉత్పత్తి మొదలుపెట్టింది. దాని సామర్థ్యం ఏడాదికి 12.7 లక్షల టన్నులు. యూరియాకు నత్రజని గాలిలోంచే దొరుకుతుంది. డీఏపీకి కావాల్సిన భాస్వరం అట్లా దొరకదు, ఫాస్ఫేట్ రాయిని తవ్వితేనే వస్తుంది. ఆ రాయిని సల్ఫ్యూరిక్ యాసిడ్‌తో కరిగిస్తే ఫాస్ఫారిక్ యాసిడ్, దానికి అమ్మోనియా కలిపితే డీఏపీ.

మన దేశంలో రాజస్థాన్‌లోని ఝామర్‌కోట్రాలో, మధ్యప్రదేశ్‌లో కొంత రాయి ఉంది కానీ అది మన అవసరానికి ఏ మూలకూ చాలదు. మిగతాదంతా మొరాకో, జోర్డాన్, ఈజిప్టు లాంటి దేశాల నుంచి రావాల్సిందే. తమాషా ఏమిటంటే, రామగుండంలో అమ్మోనియా తయారవుతుంది, రాయి లేదు. మొరాకోలో రాయికి కొదవ లేదు, అమ్మోనియాను మాత్రం వాళ్లు బయటి నుంచి కొంటారు. సల్ఫ్యూరిక్ యాసిడ్‌కు కావాల్సిన గంధకమూ అంతే.

అపోహ: మొరాకోలో ఎవరో ప్రైవేటు సేటు రాయిని దాచిపెట్టి రేటు పెంచుతున్నాడు.

వాస్తవం: అక్కడి గనులు నడిపేది ఓసీపీ అనే ఫాస్ఫేట్ సంస్థ. 1920లో పుట్టింది. మన సింగరేణి కాలరీస్ పేరుతో కంపెనీ రిజిస్టరైందీ అదే ఏడాది డిసెంబరులోనే. 2008లో ఓసీపీని వాటాల కంపెనీగా మార్చినా దాదాపు 95 శాతం వాటా మొరాకో ప్రభుత్వానిదే. ఖురీబ్గా గనుల్లో తీసిన రాయిని నీళ్లతో కలిపి చిక్కటి బురదలా చేసి, 187 కిలోమీటర్ల పైపులో సముద్రం ఒడ్డున ఉన్న జోర్ఫ్ లాస్ఫర్‌కు పంపుతారు. వరంగల్ నుంచి హైదరాబాద్ దాటిపోయేంత దూరం! 2014లో ఈ పైపు వచ్చేదాకా రైళ్లలోనే మోసేవాళ్లు.

ప్రపంచంలో తవ్వడానికి వీలున్న నిల్వల్లో మూడింట రెండొంతులకు పైగా మొరాకో లెక్కలోనే ఉన్నాయి. అట్లాగని అందరికన్నా ఎక్కువ తవ్వేది వాళ్లు కాదు, చైనా. 2021 నుంచి చైనా తన భాస్వరం ఎరువుల ఎగుమతులకు కళ్లెం వేయడం, 2023 చివరి నుంచి ఎర్ర సముద్రంలో దాడుల భయంతో ఓడలు ఆఫ్రికా చుట్టూ తిరిగి రావడం మన కొరతకు పెద్ద కారణాలు. ఓడ ఆలస్యమైతే గూడ్స్ రైలు సరుకు దించే వరంగల్ రేక్ పాయింట్‌కు వ్యాగన్ ఆలస్యం, నా షట్టర్ ముందు టెన్షన్. లోకల్‌గా దాచేవాళ్లు లేరని నేననను. డీఏపీ కావాలంటే ఇంకో డబ్బా కూడా కొనాలని అంటగట్టేవాళ్లూ ఉన్నారు, అది నిబంధనలకు విరుద్ధం. కానీ వాళ్లను పట్టుకున్నంత మాత్రాన ఓడలు తొందరగా రావు.

అపోహ: ఆ రాయి ఇంకో పదేళ్లలో అయిపోతుందట.

వాస్తవం: ఇప్పటి లెక్కల ప్రకారం నిల్వలు సుమారు 7,400 కోట్ల టన్నులు. ఏటా తవ్వేది సుమారు 24 కోట్ల టన్నులు. భాగించి చూసుకోండి.

అపోహ: నల్ల డీఏపీకే పవర్ ఎక్కువ.

వాస్తవం: రంగు రాయిలోని మలినాల వల్ల, తయారీలో కలిపే పదార్థాల వల్ల వస్తుంది. బస్తా మీద 18-46-0 అని ఉంటే, అంటే 18 శాతం నత్రజని, 46 శాతం భాస్వరం, పొటాష్ సున్నా, నలుపైనా తెలుపైనా అందులో ఉండాల్సింది అదే. అనుమానముంటే నాలుగు గింజలు అరచేతిలో వేసుకుని తడి సున్నంతో నలపండి. అసలుదైతే ముక్కుకు ఘాటు తగులుతుంది. అట్లాగే 2022 నుంచి అన్ని బస్తాల మీదా 'భారత్ డీఏపీ' అనే పెద్ద పేరు ఉంటోంది. అది ఒకే కంపెనీ సరుకు కాదు, అసలు తయారీదారు పేరు కింద చిన్నగా ఉంటుంది.

అపోహ: డీఏపీ దొరక్కుంటే ఆ ఏడు పంట మీద ఆశ వదులుకోవాల్సిందే.

వాస్తవం: నాకు అన్నిటికన్నా చిరాకు తెప్పించే మాట ఇదే. 50 కిలోల డీఏపీ బస్తాలో 23 కిలోల భాస్వరం, 9 కిలోల నత్రజని ఉంటాయి. మూడు బస్తాల సింగిల్ సూపర్ ఫాస్ఫేట్ వేస్తే భాస్వరం 24 కిలోలు వస్తుంది. తక్కువైన నత్రజనికి 20 కిలోల యూరియా చాలు, అంటే అర బస్తా కూడా కాదు. పైగా సూపర్‌లో 11 శాతం గంధకం, దాంతోపాటు కాల్షియం ఉంటాయి. పల్లికి, పత్తికి అవి పనికొస్తాయి. పత్తికి ఆఖరి దుక్కిలో ఎకరాకు 150 కిలోల సూపర్ వేయమని వ్యవసాయ శాస్త్రవేత్తలు చెప్పేదీ ఈ మూడు బస్తాలే. "మూడు బస్తాలు ఎవడు మోస్తడు సేటూ?" అంటారు. అది న్యాయమైన మాటే, ఆటో కిరాయి కూడా లెక్క వేసుకోవాలి. అయినా డీఏపీ కోసం వారం రోజులు తిరిగి విత్తే అదును పోగొట్టుకోవడం కన్నా నయం.

ఇంకో సంగతి. ఏళ్ల తరబడి వేసిన భాస్వరం మన నేలల్లో చాలా చోట్ల పేరుకుపోయి ఉంది. వేసినదాంట్లో ఆ పంట తీసుకునేది ఐదో వంతు కూడా కష్టమే. మిగతాది ఎర్ర చెల్కల్లో ఇనుముతో, రేగళ్లలో కాల్షియంతో గట్టిగా పట్టుకుంటుంది. ఖాతాలో డబ్బులున్నా ఏటీఎం పనిచేయని పరిస్థితి అన్నమాట. దాన్ని విడిపించడానికే భాస్వరాన్ని కరిగించే బ్యాక్టీరియా, పీఎస్‌బీ. ఎకరాకు 2 కిలోల పొడిని 200 కిలోల మాగిన పశువుల ఎరువులో కలిపి వేయాలి. భూసార పరీక్షలో భాస్వరం ఎక్కువని వస్తే డీఏపీ తగ్గించుకోండి. ఈ మాట చెబితే నా వ్యాపారానికే దెబ్బ అని మా తమ్ముడు అంటాడు.

అపోహ: పైపాటుగా డీఏపీ చల్లితే పైరు దుబ్బు కడుతుంది.

వాస్తవం: చల్లాక కనిపించే పచ్చదనం అందులోని నత్రజనిది. భాస్వరం పడ్డచోటే ఉండిపోతుంది, వేరు దాకా పోదు. అందుకే అది అడుగు పిండి, అంటే దుక్కిలోనే వేసే ఎరువు. పచ్చదనమే కావాలంటే యూరియాతో చవకగా వస్తుంది.

అపోహ: యాసిడ్ కలపని రాతిపొడి నేరుగా వేస్తే సహజ ఎరువు, ఖర్చూ తక్కువ.

వాస్తవం: పులుపు నేలల్లో అది మెల్లగా కరుగుతుంది. మన దగ్గరి సున్నపు రేగళ్లలో చాలావరకు రాయి రాయిలాగే ఉండిపోతుంది.

అపోహ: రెండు బస్తాలు ఎక్కువేస్తే పోయేదేముంది?

వాస్తవం: వరిలో జింకు పోతుంది. భాస్వరం ఎక్కువైతే మొక్క జింకును తీసుకోలేదు, ఆకుల మీద తుప్పు మచ్చలు వస్తాయి, పైరు గిడసబారుతుంది. అది తెగులనుకుని మందు డబ్బాలు కొనుక్కుపోతారు. లీటరు నీటికి 2 గ్రాముల జింక్ సల్ఫేట్ కలిపి పిచికారీ చేస్తే తేరుకుంటుంది. దుక్కిలోనే వేస్తే ఎకరాకు 20 కిలోలు వేయండి. డీఏపీతో కలిపి మాత్రం చల్లొద్దు, మధ్యలో రెండు మూడు రోజుల ఎడం ఉండాలి.