మార్గరీట్ రెన్వార్: ఆ ఇంటిపేరు వెనకున్న ఎడిటర్

1930ల నాటి ఫ్రెంచ్ సినిమాలు వరసపెట్టి చూస్తుంటే టైటిల్స్‌లో ఒక పేరు మళ్లీ మళ్లీ తగులుతుంది. ఎడిటింగ్: మార్గరీట్ రెన్వార్. ఆ పేరు చూడగానే దర్శకుడు జాఁ రెన్వార్ భార్యేమో అనిపిస్తుంది. కానీ వాళ్లకు పెళ్లి కాలేదు. 1930లలో కలిసి బతికారు, ఆమె ఆయన ఇంటిపేరు పెట్టుకున్నారు, విడిపోయాక కూడా అదే పేరుతో పనిచేశారు. ఆ ఇంటిపేరే ఆమెకు అడ్డమైందని నాకనిపిస్తుంది. ఆమె పనిని కూడా ఆయన ఖాతాలోనే రాసేశారు.

ఆమె అసలు పేరు మార్గరీట్ ఊలే. 1906లో పారిస్ శివార్లలోని మోంత్రెయ్‌లో, యూనియన్ రాజకీయాలున్న కార్మిక కుటుంబంలో పుట్టారు. టీనేజ్‌లోనే పాథే అనే సినిమా కంపెనీలో ఫిల్ముకు రంగులు వేసే పనికి కుదిరారు. ఫిల్ముకు రంగులద్దడం, ముక్కలు కత్తిరించడం, అతికించడం అప్పట్లో కుట్టుపనిలాంటి చేతిపని కిందే లెక్క. అందుకే ఆ పనంతా ఆడవాళ్లకు అప్పగించేవారు. ఎడిటింగ్‌కు కళ అన్న గౌరవం రాకముందే ఆ గదులు ఆడవాళ్లవయ్యాయి. తర్వాతి తరాల్లోనూ ఫ్రాన్స్‌లో ఇంతమంది మహిళా ఎడిటర్లు ఉండటానికి ఇదొక కారణం.

ఆ పని ఎలా ఉండేదో ఒకసారి ఊహించండి. ముక్క చివర ఉన్న పూతను బ్లేడుతో గీకాలి, కుంచెతో ఫిల్ము అతికించే జిగురు రాయాలి, రెండో ముక్కను దానిమీద పెట్టి ఆరేదాకా నొక్కి పట్టాలి. అతుకు తప్పయితే మళ్లీ కోయాలి, కోసిన ప్రతిసారీ ఆ చోట బొమ్మలు పోతాయి. పైగా అది నైట్రేట్ ఫిల్ము, నిప్పురవ్వ తగిలితే చాలు భగ్గుమంటుంది. ఎక్కడ కోయాలో ముందే మనసులో ఖాయం చేసుకోకపోతే కుదరదు.

1931 నాటి 'లా షియెన్' విషయంలో నిర్మాతలకూ రెన్వార్‌కూ చెడింది. ఆయన్ని పక్కనపెట్టి ఎడిటింగ్‌ను పాల్ ఫెజోస్ అనే మరో దర్శకుడి చేతికిచ్చారు. తర్వాత సినిమా తిరిగి రెన్వార్ చేతికొచ్చింది, ఎడిటింగ్‌లో మార్గరీట్ పాలుపంచుకున్నారు. అక్కడి నుంచి 'గ్రాండ్ ఇల్యూషన్' (1937), 'లా బెత్ యుమేన్' (1938) మీదుగా 'ద రూల్స్ ఆఫ్ ద గేమ్' (1939) వరకూ సాగారు. రెన్వార్ ఆ దశాబ్దంలో వామపక్షం వైపు మొగ్గడంలో ఆమె ప్రభావం పెద్దదని చరిత్రకారులు చెబుతారు.

'రూల్స్ ఆఫ్ ద గేమ్' అనగానే అందరూ పొడవాటి షాట్ల గురించి, కెమెరా కదలికల గురించి చెబుతారు. నేను మాత్రం వేట ఘట్టం చూడమంటాను. నాలుగు నిమిషాల్లోపు 50కి పైగా షాట్లు. పొదల్లోంచి అరుస్తూ వచ్చే పనివాళ్లు, బెదిరి పరిగెత్తే కుందేళ్లు, తుపాకుల మోత, ఒకదాని వెంట ఒకటి. చివర్లో ఒక కుందేలు నేలమీద పడి కాళ్లు ముడుచుకుని, మెల్లగా చాపి, ఆగిపోతుంది. అంతసేపూ పరిగెత్తిన కోత ఆ షాట్ దగ్గర నిలబడుతుంది. ఎంతసేపు ఉంచాలన్నది ఎడిటింగ్ టేబుల్ దగ్గర తేలాల్సిన సంగతి.

ఆ సినిమా పూర్తయ్యేనాటికే వాళ్ల బంధం తెగిపోయింది. రెన్వార్ అమెరికా వెళ్లిపోయారు. మనవాళ్లకు తెలిసిన, బెంగాల్లో తీసిన 'ద రివర్' (1951) నాటికి ఆయన ఎడిటర్ వేరే మనిషి.

అసలు కథ యుద్ధం తర్వాత ఉంది. 1936 వేసవిలో రెన్వార్ ఫ్రెంచ్ రచయిత మొపాసా కథతో 'ఎ డే ఇన్ ద కంట్రీ' మొదలుపెట్టారు. ఎండ కావాల్సిన సినిమాకు వానలు పట్టుకున్నాయి, షూటింగ్ మధ్యలోనే ఆగిపోయింది. జర్మన్ల ఆక్రమణ కాలంలో ఎడిట్ చేసిన కాపీ నాశనమైంది. నెగటివ్ మాత్రం పాత సినిమాలు భద్రపరిచే హెన్రీ లాంగ్లోవా చలవతో దక్కింది. దర్శకుడేమో హాలీవుడ్‌లో ఉన్నాడు. 1946లో ఆయన అనుమతితో మార్గరీట్ మళ్లీ ఆ ముక్కల ముందు కూర్చున్నారు. తీయని సన్నివేశాల చోట రెండు టైటిల్ కార్డులతో సరిపెట్టారు. సినిమా సుమారు 40 నిమిషాలే. నది మీద వాన పడే ఆ షాట్లు చూసినప్పుడల్లా ఏదో లోటుందని అనిపించదు, కథ అక్కడికే రావాలని అనిపిస్తుంది. అందులో పనిమనిషి వేషం వేసింది కూడా మార్గరీటే. పదేళ్ల కిందటి తన ముఖాన్ని, విడిపోయిన మనిషి తీసిన బొమ్మల్ని ముందు పెట్టుకుని ఆ పని ముగించారు.

ఆమె ఒకప్పటి రెన్వార్ సహాయకుడు, దర్శకుడు జాక్ బెకర్‌తో కూడా పనిచేశారు. 'కాస్క్ దోర్' (1952), 'తూషే పా ఓ గ్రిస్బి' (1954) ఆ జంట పనే. చివరిది జైలు నుంచి సొరంగం తవ్వే ఖైదీల కథ 'ల ట్రూ'. అందులో ఖైదీలు సిమెంట్ నేలను ఇనుప కడ్డీతో కొడుతుంటే షాట్ కోయకుండా అలాగే వదిలేశారు. నేల పగిలేదాకా మనమూ ఆ దెబ్బలు వింటూ కూర్చోవాలి. కుందేళ్ల వేటను అంత వేగంగా కోసిన చేతులే ఇక్కడ కత్తెర పక్కన పెట్టాయి.

బెకర్ 1960 ఫిబ్రవరి 21న చనిపోయారు. సినిమా మార్చి 18న విడుదలైంది. టైటిల్స్‌లో ఎడిటర్లుగా ఇద్దరి పేర్లున్నాయి: మార్గరీట్ రెన్వార్, జెనెవియెవ్ వోరీ.