రెండుసార్లు ఒకేలా ఊగకపోతే కేయాస్ అయిపోదు

జంట లోలకం (ఒక లోలకం కొసకు ఇంకో లోలకం తగిలించినది) తయారుచేసినవాళ్లు ఎప్పుడూ అనే మాటలు రెండు. "రెండుసార్లు వదిలితే రెండు రకాలుగా ఊగింది, కేయాస్ వచ్చేసింది" అని కొందరి సంబరం. "ఏ రీడింగూ కలవట్లేదు, ప్రాజెక్టు పోయినట్టే" అని మరికొందరి దిగులు. రెండింటి వెనకా ఉన్న అపోహ ఒక్కటే: కేయాస్ అంటే లెక్కకందని గందరగోళం.

వాస్తవం: ఇందులో లాటరీ ఏమీ లేదు. సమీకరణాలు కచ్చితమైనవే, మొదట్లో ఉన్న పిసరంత తేడా చక్రవడ్డీలా పెరుగుతుంది. తేడా ఏ లెక్కన పెరిగిందో కొలిస్తేనే అది కేయాసో, వదులు నట్టో తెలిసేది.

ముందు 10 డిగ్రీల నుంచి వదలండి. అంత చిన్న కోణంలో జంట లోలకం బుద్ధిగా ఊగుతుంది, రెండుసార్లు వదిలి తీసిన వీడియోలూ కలిసి నడవాలి. అక్కడే కలవకపోతే తప్పు బిగింపులో ఉంది. ల్యాబ్ స్టాండుకు తగిలిస్తే స్టాండు కూడా ఊగి మూడో లోలకమవుతుంది. గోడకో బరువైన బల్లకో సి-క్లాంపుతో బిగించి, ఇరుసును రసమట్టంతో సరిచూడండి. 608 బేరింగు (స్కేటు చక్రాల్లో ఉండే రకం) వాడితే మూత తీసి గ్రీజును కిరోసిన్‌తో కడిగి, ఒక్క చుక్క కుట్టుమిషన్ నూనె వేయండి. బోల్టు దగ్గర పెద్ద వాషర్ వేస్తే బయటి రింగుకు రాసుకుంటుంది. లోపలి రింగుకు మాత్రమే ఆనే చిన్నది కావాలి. చాలా 'కేయాస్' ఈ వాషర్ దగ్గరే పుడుతుంది!

ఆ పరీక్ష నెగ్గాక 120 డిగ్రీలు. చేత్తో వదిలితే ప్రతిసారీ కాస్త తోపు పడుతుంది; దారంతో కట్టి, దారాన్ని అగ్గిపుల్లతో కాల్చండి. ఫోన్లో సెకనుకు 240 ఫ్రేముల స్లో మోషన్ పెట్టండి, సెకనుకు 30 ఫ్రేములే అయితే కింది చేయి గీతలా అలుక్కుపోతుంది. రెండు రన్నుల కోణాల తేడాకు సహజ లాగరిథమ్ (ln) తీసి కాలంతో గ్రాఫు గీయండి. ఎగుడుదిగుళ్లున్నా మొత్తమ్మీద సరళరేఖలా ఎక్కి, తర్వాత చదునైతే అది కేయాస్. ఆ వాలే ల్యాపునోవ్ ఘాతాంకం, అంటే తేడా ఎంత వేగంగా పెరుగుతుందో చెప్పే సంఖ్య. ఒక్కసారిగా మెట్టులా ఎగిరితే ఏదో తగిలింది.

వాలు సెకనుకు 5 అనుకుందాం. అర డిగ్రీ తేడా 60 డిగ్రీలవడానికి సెకను చాలు. మొదటి తేడాను పదో వంతుకు తగ్గించినా అదనంగా దక్కేది అర సెకను లోపే. అందుకే రీడింగులు కలవలేదని కుంగిపోనక్కర్లేదు. వాటిని కలిపి సగటు మాత్రం తీయకండి, కొలవాల్సిన తేడానే చెరిగిపోతుంది.

మిగతా అపోహలు గబగబా. నాన్‌లీనియరైతే, అంటే కారణానికి తగ్గ నిష్పత్తిలో ఫలితం పెరగకపోతే, కేయాసే? కాదు. మామూలు లోలకాన్ని 90 డిగ్రీల నుంచి వదిలితే ఆవర్తన కాలం సుమారు 18 శాతం పెరుగుతుంది, కానీ కేయాస్ రాదు. దాని స్థితిని చెప్పడానికి కోణం, వేగం రెండే చాలు, బయటి తోపు లేని నిరంతర చలనంలో కేయాస్‌కు కనీసం మూడు చలరాశులు కావాలి. సీతాకోకచిలుక రెక్క తుపాను తెస్తుందా? 1972లో వాతావరణ శాస్త్రవేత్త లోరెంజ్ ప్రసంగం శీర్షిక ప్రశ్నే, జవాబు కాదు.

కంప్యూటర్ గీసిన దారి అసలు దారేనా? సమీకరణాలను చిన్న చిన్న కాలపు అడుగులుగా లెక్కగట్టే పద్ధతుల్లో తేలికైన ఆయిలర్ పద్ధతిలో ఘర్షణ లేని లోలకానికి కూడా శక్తి దానంతటదే పెరిగిపోతుంది. దానికన్నా కచ్చితమైన నాలుగో ఆర్డర్ రుంగే-కుట్టా పద్ధతి వాడి, 0.001 సెకను అడుగుతో ఒకసారి, 0.0005తో ఒకసారి నడపండి. రెండు గీతలూ విడిపోయిన క్షణం తర్వాతి దారిని నమ్మకండి.