పహాణీలో ఒక పేరు, పొలంలో ఇంకో మనిషి

"పాసుపుస్తకం నా దగ్గరుంది, పహాణీలో నా పేరే ఉంది. మరి భూమి నాది కాదంటారేంటి?" తహసీల్దారు ఆఫీసు మెట్ల మీద ఈ మాట తరచూ వినిపిస్తుంది. అడిగే రైతుది తప్పు కాదు. పహాణీ అనే ఆ కాగితం పుట్టిందే వేరే పనికి. ఏ పొలానికి ఎవరి దగ్గర శిస్తు వసూలు చేయాలో తెలియడానికి సర్కారు రాసుకున్న లెక్క అది. రెవెన్యూ రికార్డులో మ్యుటేషన్ (పేరు మార్పు) జరిగినంత మాత్రాన హక్కు రాదు, పోదు అని సుప్రీంకోర్టు 1996లోనే చెప్పింది. ఆ తర్వాతా ఎన్నోసార్లు చెప్పింది.

తెలంగాణలో మూలం నిజాం కాలపు సర్వే. గొలుసు పట్టి పొలాలు కొలిచి, సర్వే నంబరు వారీగా విస్తీర్ణం, శిస్తు, పట్టాదారు పేరు రాసిన పుస్తకం సేత్వార్. 1949లో జాగీర్లు రద్దయ్యాయి. 1950 కౌలు చట్టం రక్షిత కౌలుదార్లను, అంటే భూమి నుంచి తేలిగ్గా వెళ్లగొట్టడానికి వీల్లేని కౌలు రైతులను, గుర్తించింది. 1954-55లో ఖాస్రా పహాణీ తయారైంది. ఇప్పటికీ భూమి కేసంటే వకీలు ముందుగా అడిగే నకలు అదే.

పాత పహాణీని ఒకసారి చేతిలోకి తీసుకుని చూడాలి. అందులో పట్టాదారు కాలమ్ వేరు, అనుభవదారు కాలమ్ వేరు. మొదటిది కాగితం మీది పేరు, రెండోది నాగలి పట్టిన మనిషి పేరు. ఈ రెండు కాలమ్‌ల మధ్య దూరమే మన భూతగాదాల్లో సగానికి తల్లి అని నా నమ్మకం. ఆ రోజుల్లో అమ్మకం చాలాసార్లు తెల్లకాగితం మీద, ఊరి పెద్దమనుషుల సాక్షిసంతకాలతో అయిపోయేది. అదే సాదా బైనామా. కొన్న రైతు దున్నుకున్నాడు, అనుభవదారు కాలమ్‌లోకి ఎక్కాడు. పట్టా మాత్రం అమ్మినాయన పేరు మీదే ఉండిపోయింది. ఆయన పోయాక కొడుకులు విరాసత్ (వారసులుగా తమ పేరున పట్టా మార్పు) చేయించుకున్నారు. ఎకరం రేటు పెరిగిన రోజున పాసుపుస్తకం పట్టుకుని వచ్చి నిలబడ్డారు. నలభై ఏళ్లు చెమటోడ్చిన కుటుంబం అప్పటికప్పుడు పరాయిదైపోయింది. రక్షిత కౌలుదార్లలోనూ చాలామంది గతి ఇదే. భూమికి యజమానిని చేసే 38-ఇ సర్టిఫికెట్ చేతికొచ్చినా పహాణీలో పేరు మారలేదు.

భూమి హక్కుల రికార్డుల 1971 చట్టంలో సాదా బైనామాలను క్రమబద్ధం చేసే దారి ఉండేది. దాని స్థానంలో తెలంగాణలో వచ్చిన 2020 చట్టంలో ఆ దారి లేకపోవడంతో లక్షల దరఖాస్తులు నిలిచిపోయాయి. అదే ఏడాది అక్టోబరులో ధరణి అనే ఆన్‌లైన్ భూమి రికార్డుల పోర్టల్ వచ్చింది. రిజిస్ట్రేషన్, మ్యుటేషన్ ఒకేచోట, ఒకేరోజు అయ్యాయి. అది నిజంగా మంచి మార్పు, ఒకే భూమిని ఇద్దరికి అమ్మే మోసానికి కొంతైనా అడ్డు పడింది. కానీ అనుభవదారు కాలమ్ తీసేశారు. తప్పు పడితే కింది స్థాయిలో సరిచేసే అధికారం ఎవరికీ ఉంచలేదు. పేరులో ఒక అక్షరం తప్పినా కలెక్టర్ దాకా వెళ్లాల్సి వచ్చేది, లేదంటే సివిల్ కోర్టు. ఆ టెన్షన్ పడ్డ రైతుకే తెలుసు.

కోస్తా, రాయలసీమల కథ వేరు. అక్కడ మద్రాసు ప్రెసిడెన్సీ కాలపు రీసెటిల్‌మెంట్ రిజిస్టరే (పొలాల వారీ శిస్తు లెక్క) ఆధారం. అందులో పట్టాదారు పేరు తెలియనిచోట సర్వే సిబ్బంది చుక్కలు పెట్టి వదిలేశారు. అవే చుక్కల భూములు. తాతల నుంచి సాగులో ఉన్న పొలాలు ఆ నాలుగు చుక్కల వల్ల 22-ఎ నిషేధిత జాబితాలోకి వెళ్లాయి, అమ్ముకునే వీల్లేకుండా పోయింది. వాటికోసమే 2017లో ప్రత్యేకంగా ఒక చట్టం చేయాల్సి వచ్చింది. హక్కుకు ప్రభుత్వమే పూచీ ఉండాలని తెచ్చిన ల్యాండ్ టైట్లింగ్ చట్టం 2024లో రద్దయింది.

1984లో ఊళ్లలో ఈ లెక్కలు చూసే పటేల్, పట్వారీ, కరణం, మునసబుల వ్యవస్థ పోయింది. చాలా ఊళ్లలో పాత దస్త్రాలు వాళ్ల ఇళ్లలోనే ఉండిపోయాయి.

2025 ఏప్రిల్‌లో తెలంగాణలో భూభారతి చట్టం అమల్లోకి వచ్చింది. సాదా బైనామాలకు దారి మళ్లీ తెరిచింది, ఆర్డీవోకు, కలెక్టర్‌కు అప్పీలు చేసుకునే వీలు ఇచ్చింది. రిజిస్ట్రేషన్‌కు భూమి మ్యాపు జతచేయాలనే నిబంధనా తెచ్చింది. అయితే సర్వే నంబరులో ఉన్న భూమి పది ఎకరాలైతే, పాసుపుస్తకాలన్నీ కలిపితే పదకొండు తేలే ఊళ్లున్నాయి. ఆ అదనపు ఎకరం ఎవరిదో ఏ కంప్యూటరూ చెప్పలేదు, గెట్ల వెంట నడిచి కొలవాల్సిందే. అప్పటికి నాలుగు వందలకు పైగా గ్రామాలకు అసలు నక్షాలే (మ్యాపులే) లేవు. 2025లో వాటిలో ఐదింటిని ఎంచుకుని రీసర్వే మొదలుపెట్టారు.